అప్పీలు పోయిన సంగతి అప్పీలుదారుకే తెలియకపోతే

ఈమధ్య మాకు బాగా తెలిసిన ఒకావిడ తన అప్పీలు ఎందాకా వచ్చిందో కాస్త చూసిపెట్టమని నంబరు పంపారు. ఈ-కోర్ట్స్ యాప్‌లో సీఎన్ఆర్ నంబరు (ప్రతి కేసుకీ ఉండే గుర్తింపు నంబరు) కొడితే నిమిషంలో వివరాలు వచ్చాయి. కేసు ముగిసిపోయింది. ఆర్డరు తెరిస్తే రెండే వాక్యాలు. పిలిచినా అప్పీలుదారు తరఫున ఎవరూ హాజరు కాలేదు. కాబట్టి అప్పీలు డిఫాల్టు కింద కొట్టివేయడమైనది. తారీఖు చూస్తే ఏడాది దాటిపోయింది.

ఆ మాట ఆవిడకి ఫోన్లో చెప్పడం నాకు చాలా కష్టమైంది. "అంటే ఓడిపోయామా?" అని అడిగారు. ఓడిపోలేదండీ, అసలు ఎవరూ వినలేదు అన్నాను. ఆవిడ కాసేపాగి, "మరి మాకెవరూ చెప్పలేదేం?" అన్నారు. దానికి నా దగ్గర జవాబు లేదు. ఎందుకంటే చెప్పి తీరాలని మన చట్టంలో ఎక్కడా లేదు. ప్లీడరుకి తెలిస్తే పార్టీకి తెలిసినట్టే లెక్క. ప్లీడరు వాయిదాకి రాలేదు కాబట్టే అప్పీలు పోయిందనుకోండి, అప్పుడు కూడా ఆ ప్లీడరుకి తెలిసినట్టే, ఆయన ద్వారా ఆవిడకీ తెలిసినట్టే!

ఈ ఒక్క చోట చట్టం తప్పుగా ఉందని చాలా కాలంగా అనుకుంటున్నాను. హాజరు లేనప్పుడు అప్పీలు కొట్టేసే అధికారం కోర్టుకి ఉండొద్దని అనను. అది లేకపోతే కోర్టులు నడవవు. నేననేది ఇంతే. పార్టీకి నేరుగా కబురు పెట్టకుండా ఆ అధికారం వాడకూడదు. కొట్టేశాక కూడా పార్టీకే చెప్పాలి. తిరిగి తెరిపించుకునే గడువు ఆ కబురు అందిన రోజు నుంచి మొదలవ్వాలి.

ఇప్పుడున్న గడువు సంగతే తీసుకోండి. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో అప్పీళ్ళ గురించి చెప్పే భాగం 41వ ఆర్డరు, అందులో 17వ రూలు కింద అప్పీలు పోతే, 19వ రూలు కింద మళ్ళీ తెరవమని అడగొచ్చు. రాకపోవడానికి తగిన కారణం చూపించాలి. దానికి 1963 లిమిటేషన్ చట్టం 122వ ఆర్టికల్ ఇచ్చింది 30 రోజులు. ఎప్పటి నుంచి? కొట్టేసిన తేదీ నుంచి. దాని పక్కనే ఉన్న 123వ ఆర్టికల్ చూడండి. రెస్పాండెంటు, అంటే అప్పీల్లో అవతలి పక్షం, లేకుండా అప్పీలు విని తీర్పు ఇచ్చేస్తే అతనికీ 30 రోజులే. కానీ అతనికి నోటీసు సరిగ్గా అందకపోయి ఉంటే, తీర్పు సంగతి తెలిసిన రోజు నుంచి లెక్క. వరుసగా ఉన్న రెండు ఆర్టికల్సులో ఒకరికి తెలిసిన రోజు ముఖ్యం, ఇంకొకరికి కాదు.

దీనికి చెప్పే సమాధానం నాకు తెలుసు. రెస్పాండెంటుని కోర్టు పిలిచింది, అప్పీలుదారు తనంతట తనే వచ్చాడు, వచ్చినవాడు తన కేసు తనే చూసుకోవాలి అంటారు. వినడానికి బాగానే ఉంటుంది. కానీ అప్పీలు కోర్టుకి అప్పీలుదారు నిజంగా వస్తున్నాడా? కింది కోర్టులో అయితే సాక్ష్యం చెప్పడానికి బోనెక్కాలి, స్థలం చూసి రమ్మని కోర్టు పంపిన అడ్వకేటు కమిషనరు వస్తే అక్కడ ఉండాలి. ఏదో ఒక పని మీద తిరుగుతూనే ఉంటాడు. అప్పీలు మొదలయ్యాక అదేమీ ఉండదు. "మీరు రానక్కర్లేదు, అవసరమైతే నేనే పిలుస్తా" అని ప్లీడరే చెప్తారు. అది మంచి సలహా కూడా. కూలి పోగొట్టుకుని వచ్చి కోర్టు హాలు వెనక బెంచీ మీద కూర్చుంటే అప్పీలుదారు చేసేదేం లేదు.

మామయ్య కేసు

మా మామయ్య మీద దాయాదులు దొడ్డి స్థలం గురించి దావా వేశారు. కింది కోర్టులో స్థలం అప్పగించమని డిక్రీ వచ్చింది. మామయ్య జిల్లా కోర్టులో అప్పీలు వేశాడు, స్టే దొరికింది. అప్పటి నుంచి ప్రతి వాయిదా తర్వాతా ప్లీడరు గారి గుమాస్తాకి ఫోన్ చేసి తర్వాతి తారీఖు కనుక్కుని ఒక చిన్న డైరీలో రాసుకునేవాడు. ఆ డైరీ, కోర్టు ఫీజు రసీదు, డిక్రీ నకలు అన్నీ కలిపి నీలం పాలిథిన్ కవర్లో చుట్టి బీరువాలో పెట్టుకున్నాడు. నిర్లక్ష్యం చేసే మనిషి కాదు.

ప్లీడరు గారికి పక్షవాతం వచ్చింది. ఆఫీసు కొన్నాళ్ళు జూనియర్ నడిపాడు, తర్వాత అతను సొంతంగా పెట్టుకున్నాడు. గుమాస్తా ఇంకొకరి దగ్గర చేరాడు. ఫోన్ చేస్తే "సార్‌కి బాలేదు కదండీ, అన్నీ వాయిదాలే పడుతున్నాయి" అనేవాడు. అతను కావాలని అబద్ధం చెప్పాడనుకోను. పాత ఆఫీసు కేసులు ఎవరూ చూడటం లేదన్న సంగతి అతనికే సరిగ్గా తెలియదు. ఈ మొత్తంలో ఒక్కరిని పట్టుకుని నీదే తప్పు అనడానికి నాకు నోరు రాదు. మంచాన పడ్డ మనిషిని ఏమంటాం?

ఒకరోజు మధ్యాహ్నం కోర్టు అమీనా మామయ్య ఇంటికొచ్చాడు. సంచిలోంచి రెండు ప్రతులు తీసి, ఒకటి చేతికిచ్చి, రెండోదాని వెనకవైపు సంతకం పెట్టమన్నాడు. మామయ్య కళ్ళజోడు పెట్టుకుని పైనున్న నంబరు చూసి, ఇది మా అప్పీలు నంబరు కాదే అన్నాడట. కాదు, అది ఈపీ నోటీసు. డిక్రీ అమలు చెయ్యమని అవతలివాళ్ళు వేసిన ఎగ్జిక్యూషన్ పిటిషన్. అప్పీలు డిఫాల్టులో పోయి ఎన్నో నెలలైంది. దాంతోపాటే స్టే కూడా పోయింది.

నాకు ఫోన్ చేసి మామయ్య అడిగిన మొదటి మాట, "అల్లుడూ, అసలు మన అప్పీలు బతికుందా?"

ఆ రోజు నుంచి నన్ను వదలని ప్రశ్న ఒకటుంది. స్థలం ఖాళీ చేయించడానికి నోటీసు పంపాల్సి వచ్చేసరికి మామయ్య అడ్రసు దొరికింది. మనిషి పంచె సర్దుకుంటూ గుమ్మంలోకి వచ్చి సంతకం పెట్టాడు. అదే అడ్రసు అప్పీలు మెమోరాండం మొదటి పేజీలో ఉంది. అప్పీలు కొట్టేసే ముందు అక్కడికి ఒక్క కాగితం పంపడానికి ఏం అడ్డొచ్చింది?

తర్వాతది మామూలు కథే. కొత్త ప్లీడరు, కొత్త వకాల్తా, అప్పీలు తెరవమని ఒక ఐఏ (కేసులో వేసే మధ్యంతర పిటిషన్), ఆలస్యం మన్నించమని ఇంకో ఐఏ, అఫిడవిట్లు, వాటికి కౌంటర్లు, వాదనలు. ఆలస్యం పిటిషన్లో ప్రతి రోజుకీ కారణం చెప్పాలంటారు. దాన్ని గంటగంటకీ లెక్క అడిగినట్టు తీసుకోకూడదని, ఇంగితంతో చూడాలని 1987లో అనంతనాగ్ కలెక్టర్ వర్సెస్ కతీజీ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. ఇప్పటికీ ప్రతి ఆలస్యం పిటిషన్లోనూ ఆ తీర్పే చూపిస్తారు. ఆ కేసులో ఆలస్యం నాలుగు రోజులు. అప్పీలు వేసింది ప్రభుత్వం, అదీ భూసేకరణ పరిహారం పెంపు మీద. ఆ తీర్పు తప్పని నేననడం లేదు. కానీ ఆ ఉదారత వాడుకోవడానికి ప్రభుత్వానికి గవర్నమెంట్ ప్లీడరు ఆఫీసు ఉంది, ఇన్సూరెన్స్ కంపెనీకి లీగల్ సెక్షన్ ఉంది. వాళ్ళ అప్పీలు పోతే వాళ్ళకి తెలుస్తుంది. తెలిసినవాడికే ఆ తలుపు తట్టే వీలుంటుంది.

అవతలివాళ్ళకి ఖర్చులు కట్టే షరతు మీద మామయ్య అప్పీలు మళ్ళీ నంబరుకొచ్చింది, అంటే తిరిగి తెరిచారు. విన్నారు. ఓడిపోయాడు. తీర్పు నేను మొత్తం చదివాను. సరిహద్దుల గురించి కమిషనరు రిపోర్టు మా వైపు లేదు, తీర్పులో తప్పు పట్టడానికి ఏమీ కనపడలేదు. మామయ్య కూడా పైకి వెళ్దామనలేదు. "విన్నారు కదా, చాలు" అని దొడ్డి అప్పగించేశాడు.

గెలిచినవాళ్ళ మాట

ఇక్కడే అసలు చిక్కుంది, దాన్ని దాటేసి పోవడం నాకిష్టం లేదు. చివరికి ఫలితం మారలేదు. మరి అప్పీలు తెరవడం వల్ల ఎవరికి ఏం ఒరిగింది? అవతలి దాయాదులకి స్థలం చేతికి రావడం అంతకంతా ఆలస్యమైంది. వాళ్ళలో ఒక పెద్దాయన నాకు ముఖపరిచయం. ఒక పెళ్ళిలో కనపడి, "మీ మామయ్యకి కబురు అందలేదంటే నమ్ముతా బాబూ. కానీ మేం పదేళ్ళుగా ప్రతి వాయిదాకీ వెళ్తూనే ఉన్నాం. మాకు లేని అనారోగ్యాలా?" అన్నారు. ఆయన మాటలో న్యాయం ఉంది.

స్టే తెచ్చుకుని నిద్రపోయే అప్పీలుదారులున్నారు. చాలామందే ఉన్నారు. అప్పీలు వేయడమే వాళ్ళ ఉద్దేశం, గెలవడం కాదు. రెండేళ్ళు గడిస్తే రెండేళ్ళ అద్దె మిగులుతుంది, రెండు పంటలు చేతికొస్తాయి. కొట్టేస్తే పరుగెత్తుకొచ్చి తెరిపించుకుంటారు, మళ్ళీ మాయమవుతారు. జడ్జి ముందు రోజుకి డెబ్భై ఎనభై కేసులుంటే, పిలిస్తే పలకని కేసుని ఇంకెన్నాళ్ళు మోయాలి? వేరేవాళ్ళు బయట ఎదురుచూస్తున్నారు కదా!

ప్లీడర్ల వైపు నుంచి కూడా ఒక మాట ఉంది. నాకు తెలిసిన ఒక సీనియర్ ఈ విషయం మాట్లాడితే చిరాకు పడతారు. పార్టీ ఫోన్ నంబర్ మారిపోతుంది, చెప్పడు. ఫీజు సగమిచ్చి మళ్ళీ కనపడడు. ప్రాసెస్ ఫీజుకి, అంటే నోటీసులు పంపడానికి కోర్టుకి కట్టే రుసుముకి, డబ్బు పంపమని ఉత్తరం రాస్తే జవాబుండదు. "వాళ్ళకే లేని పట్టింపు నాకెందుకు?" అంటారాయన. అలాంటి పార్టీల ఫైళ్ళు ఆయన ఆఫీసు అటక మీద కట్టలు కట్టలుగా ఉన్నాయి. నేను చూశాను.

ఇవన్నీ విన్న తర్వాత కూడా నా అభిప్రాయం మారలేదు. ఎందుకంటే ఈ ఫిర్యాదులన్నీ స్టే గురించి, ఆలస్యం గురించి. కబురు పంపకపోవడాన్ని ఇవేవీ సమర్థించవు. అప్పీలు వేసినంత మాత్రాన డిక్రీ ఆగిపోదని 41వ ఆర్డరు 5వ రూలే చెప్తుంది. ఆపేది స్టే. అప్పీలుదారు పిలిస్తే పలకడం లేదా? అతనికి నోటీసు పంపి దగ్గరి తారీఖు వెయ్యండి. ఆ రోజూ రాకపోతే స్టే ఎత్తెయ్యండి, అప్పీలూ కొట్టెయ్యండి. నాటకమాడేవాడికి ఆ నోటీసుతో సాకు లేకుండా పోతుంది. "నాకు తెలీదు" అనే మాట తర్వాత ఏ అఫిడవిట్‌లోనూ రాయలేడు. ఇప్పుడు ఆ మాట నిజంగా తెలియనివాడూ రాస్తున్నాడు, తెలిసినవాడూ రాస్తున్నాడు. ఎవరు నిజం చెప్తున్నారో తేల్చడానికి కోర్టు ఇంకో ఏడాది ఖర్చు పెడుతోంది. ఆ పెద్దాయన పోగొట్టుకున్న కాలం ముందుగా ఒక నోటీసు వెళ్ళి ఉంటే మిగిలేది. మామయ్య వాయిదాకి వచ్చేవాడు, అప్పీలు అప్పుడే విని ముగించేవారు.

ప్లీడరు రాకపోతే పార్టీది తప్పా

సుప్రీంకోర్టు దీని మీద ఒక్క మాటగా లేదు. 1981లో రఫీక్ వర్సెస్ మున్షీలాల్ కేసులో ప్లీడరు రాలేదని అప్పీలు పోయిన మనిషి తరఫున గట్టిగా నిలబడింది. తను చెయ్యగలిగిందంతా చేసి, ప్లీడరుని పెట్టుకుని, ఫీజిచ్చి వెళ్ళిన పల్లెటూరి మనిషి, ఆ ప్లీడరు కోర్టుకి వెళ్ళాడో లేదో కాపలా కాయక్కర్లేదని చెప్పింది. అప్పీలు తెరిపించి, అవతలి పక్షానికి 200 రూపాయల ఖర్చులు రాకుండాపోయిన ప్లీడరు నుంచే వసూలు చెయ్యమంది.

1993లో సలీల్ దత్తా కేసు వచ్చేసరికి అదే కోర్టు కాస్త వెనక్కి తగ్గింది. ప్లీడరు పార్టీకి ఏజెంటు, ఏజెంటు చేసింది పార్టీ చేసినట్టే, తప్పంతా ప్లీడరు మీదికి తోసి ప్రతిసారీ తప్పించుకోవడం కుదరదు అంది. అక్కడ ఉన్నది కలకత్తా కంపెనీ, ఏమీ తెలియని పల్లెటూరి మనిషి కాదు అని కూడా గుర్తుచేసింది. ఆ కేసు వరకు అది సరైన తీర్పే అనిపిస్తుంది. ఇబ్బంది ఏమిటంటే, ఈ రెండు తీర్పుల మధ్య ఏది తనదో తేలాలంటే పార్టీ ముందు కోర్టు దాకా రావాలి. రఫీక్ కనీసం సుప్రీంకోర్టు దాకా వెళ్ళగలిగాడు.

క్రిమినల్ అప్పీళ్ళలో ఈ గొడవ ఎప్పుడో తేలిపోయింది. 1996లో బానీ సింగ్ కేసులో ముగ్గురు జడ్జీల ధర్మాసనం, అడ్మిట్ చేసిన (విచారణకి తీసుకున్న) క్రిమినల్ అప్పీలుని ఎవరూ రాలేదని కొట్టేయకూడదని, రికార్డు చదివి మెరిట్స్ మీదే, అంటే కేసులోని బాగోగులు చూసే, తేల్చాలని చెప్పింది. మనిషి జైల్లో ఉండి, ప్లీడరు రాకపోతే ప్రభుత్వ ఖర్చుతో ఇంకొకరిని పెట్టొచ్చంది. సివిల్‌లో కూడా అలాగే చెయ్యొచ్చు కదా అని ఒకప్పుడు అనుకునేవాణ్ని. ఇప్పుడు అనుకోను. 17వ రూలు కింద అప్పీలుదారు లేనప్పుడు మెరిట్స్ మీద కొట్టేయడానికి వీల్లేదని 1976 సవరణలో వివరణ చేర్చారు. అది అతని మేలు కోరే చేర్చారు. వినకుండా మెరిట్స్ మీద ఓడిస్తే 19వ రూలు దారి కూడా మూసుకుపోతుంది. సివిల్ అప్పీలుకి కావలసింది మనిషి లేకుండా తేల్చేయడం కాదు, మనిషిని పిలవడం.

ఇంతకంటే నన్ను బాధపెట్టేది ఇంకోటుంది. ఫలానా గడువులోగా కోర్టు ఆఫీసు కాగితాల్లో చూపిన లోపాలు సరిచెయ్యకపోతే, లేదా ప్రాసెస్ ఫీజు కట్టకపోతే, మళ్ళీ కోర్టు ముందుకి రాకుండానే అప్పీలు కొట్టేసినట్టు అవుతుందని ముందే ఆర్డరు రాసేస్తారు. అప్పీలు పోయే రోజున కేసు పిలవడం కూడా ఉండదు. గడువు తేదీ దాటితే చాలు. ఇలాంటి ఆర్డరు రాసినంత మాత్రాన కోర్టు చేతులు కట్టేసినట్టు కాదని, గడువు దాటాక కూడా పెంచొచ్చని 1961లోనే మహంత్ రామ్‌దాస్ వర్సెస్ గంగాదాస్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. కానీ పెంచమని అడగడానికైనా ఎవరో ఒకరికి తెలియాలి కదా.

తెలుగువాళ్ళకి ఇది ఇంకో రకంగా కూడా అనుభవమే. 2019 జనవరి 1న ఉమ్మడి హైకోర్టు రెండైంది. అంతకు ముందు హైదరాబాద్‌లో ప్లీడరుని పెట్టుకున్న ఆంధ్ర జిల్లాల పార్టీ కేసు అమరావతికి వెళ్ళిపోయింది. ప్లీడరు హైదరాబాద్‌లోనే ఉండిపోతే? రాష్ట్రం విడిపోయిందని ఊళ్ళో అందరికీ తెలుసు. హైకోర్టులో తను వేసిన రెండో అప్పీలు కాగితాలు ఇంకో ఊరు చేరాయని, అక్కడ కొత్త వకాల్తా వెయ్యాలని ఎంతమందికి తట్టి ఉంటుంది?

చేతిలో ఉన్న పని

ఇదంతా పార్లమెంటు చెయ్యాల్సిన పనేమీ కాదు. సివిల్ ప్రొసీజర్ కోడ్‌లోని రూల్స్‌ని తమ పరిధిలో మార్చుకునే అధికారం 122వ సెక్షన్ హైకోర్టులకి ఇచ్చింది. 17వ రూలుకి ఒక్క షరతు చేర్చితే సరిపోతుంది. అప్పీలుదారు ప్లీడరు ద్వారా నడిపిస్తున్నప్పుడు, పార్టీ అడ్రసుకి, ఫోన్‌కి నోటీసు వెళ్ళిందని నమోదు కాకుండా డిఫాల్టులో కొట్టేయరాదు. లిమిటేషన్ చట్టంలో 122వ ఆర్టికల్ మార్చడానికి మాత్రం పార్లమెంటు కావాలి. అదయ్యే దాకా, నోటీసు వెళ్ళలేదన్నది ఆలస్యం మన్నించడానికి తగిన కారణంగా తీసుకోవచ్చు.

ఖర్చెవరిది అంటారా? అప్పీలుదారుదే. అప్పీలు వేసేటప్పుడే ఆ నోటీసు ఫీజు కట్టించుకోవాలి. అవతలి పార్టీకి పంపే నోటీసుకి ఎలాగూ కడుతున్నాడు.

అడ్రసు మారితే? మార్చుకున్నవాడే కోర్టుకి చెప్పాలి. చెప్పకపోతే రికార్డులో ఉన్న అడ్రసుకి పంపిన నోటీసు చాలు. అంతకంటే కోర్టుని అడగడం న్యాయం కాదు. పార్టీ చనిపోతే ఆ సంగతి ప్లీడరు కోర్టుకి తెలపాలని 22వ ఆర్డరులో 10ఏ రూలు 1976లోనే పెట్టారు. ప్లీడరే చనిపోతే, మంచాన పడితే, ప్రాక్టీసు మానేస్తే ఆ కబురు పార్టీకి చేర్చే బాధ్యత కూడా ఒకరి మీద ఉండాలి. ఆ ప్లీడరు వకాల్తాలున్న కేసుల జాబితా కోర్టు కంప్యూటర్లో తీయడం ఇవాళ పెద్ద పనేం కాదు.

ఫోన్ విషయంలో మాత్రం ఒక జాగ్రత్త కావాలి. మామయ్య అప్పీలు మళ్ళీ నంబరుకొచ్చినప్పుడు కాగితాలు చూస్తే, పార్టీ మొబైల్ నంబరు రాయాల్సిన చోట గుమాస్తా నంబరు ఉంది. ఫైలింగ్ కౌంటర్ దగ్గర తొందరలో చేతికందింది రాసేస్తారు. మెసేజ్ వెళ్ళే వ్యవస్థ ఎంత బాగున్నా అది పాత గుమాస్తా ఫోన్‌కే వెళ్తుంది. కాబట్టి అప్పీలు తీసుకునేటప్పుడే ఆ నంబరుకి ఓటీపీ పంపి, పార్టీదేనని తేల్చుకున్నాకే కేసుకి నంబరివ్వాలి. ప్లీడరు నంబరుకి వేరే గడి ఉండాలి. ఫోన్ లేనివాళ్ళకి, చదువు రానివాళ్ళకి పోస్టులో వెళ్ళే కాగితం తెలుగులో ఉండాలి. అందులో కేసు నంబరు, వాయిదా తారీఖు, ఆ రోజు రాకపోతే ఏమవుతుందో, ప్లీడరుని పెట్టుకునే స్తోమత లేకపోతే జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఎక్కడుందో రాసి ఉంటే చాలు.